వారం ఒక్కటే ఓడ ఎక్కుతుంది

మీ ప్రశ్న రెండుసార్లు చదివాను. మీ నవలలో ఒక జాతి మూడు చోట్ల బతుకుతోంది. మొదటిది పుట్టిన గ్రహం. ఏడాదికి 412.37 రోజులు, ఒకే చంద్రుడు, పున్నమికీ పున్నమికీ మధ్య 31.4 రోజులు. రెండోది వేరే చుక్క చుట్టూ తిరిగే గ్రహం. అది ఎప్పుడూ ఒకే ముఖం తన చుక్కకి చూపిస్తుంది, అక్కడ పొద్దు పొడవదు, కుంకదు. మూడోది ఈ రెంటి మధ్య 8 కాంతి సంవత్సరాల దూరం తిరిగే ఓడలు, కాంతి వేగంలో 80 శాతంతో. ఈ ముగ్గురికీ కలిపి 10 నెలలు, నెలకు 40 రోజులు, ఏడాదికి 400 రోజుల కేలెండరు కట్టారు. నెలలకు చైత్రం, వైశాఖం లాంటి పేర్లనే కాస్త మార్చి పెట్టారు. లెక్క కుదిరింది గానీ చదివినవాళ్లకి నమ్మకం కలగడం లేదు, ఎక్కడ తేడా వచ్చింది అని అడిగారు.

నేను నవలలు రాయను. కోనసీమలో గోదావరి పాయ వైనతేయ గట్టున మా ఊళ్లో నలభై ఏళ్లుగా పంచాంగ గణితం చేస్తున్నాను. మా తాతగారి దగ్గర పలకా బలపంతో మొదలుపెట్టి ఇప్పుడు కంప్యూటరులో చేస్తున్నాను. ఆ అనుభవంతో చెబుతున్నాను: మీ కేలెండరు ఎవరి అవసరానికి పుట్టిందో మీ రాతలో ఎక్కడా లేదు.

మా నడవా గోడకి ఎరువుల కొట్టువాళ్లు ఇచ్చిన కేలెండరు ఉంటుంది. మా ఆవిడ దాని గళ్లలో పాల లెక్క, గ్యాసు బండ వచ్చిన తేదీ రాస్తుంది. జీతాలకీ, బడికీ, బ్యాంకుకీ అదే. దాని పక్కనే దారం కట్టి పంచాంగం వేలాడుతుంది. అది దేవుడికీ పెళ్లికీ తద్దినానికీ. మా పొలం కౌలుకి చేసే రైతు అరుగు మీద కూర్చుంటే ఈ రెండూ అడగడు. "మృగశిర ఎప్పుడొస్తోందండీ?" అంటాడు. అతనికి కావలసింది కార్తె, అంటే సూర్యుడు ఒక్కో నక్షత్రంలో ఉండే పదమూడున్నర రోజులు. అలాంటివి ఏడాదికి 27. రోహిణి కార్తెలో రోళ్లు పగులుతాయనీ, ఆ తర్వాత మృగశిర వస్తే ముంగిళ్లు చల్లబడతాయనీ అతనికి నోటికి వచ్చు. సార్వాకి, అంటే తొలకరి వరికి, నారుమడి ఎప్పుడు పోయాలో ఇంగ్లీషు తేదీ చెప్పదు, తిథీ చెప్పదు. తిథి ఏడాదికి పదకొండు రోజులు జరిగిపోతుంది, పైరు జరగదు కదా.

ఏటి మీద వల వేసేవాళ్లకి మళ్లీ తిథే కావాలి, కానీ పూజకి కాదు. అమావాస్యకీ పున్నమికీ పోటు ఎక్కువ, అష్టమికి తక్కువ. రోజుకి దాదాపు 50 నిమిషాలు ఆలస్యంగా వస్తుంది. వాళ్ల గడియారం చంద్రుడే. ఇక పొలం కాగితం తీస్తే అందులో ఫసలీ, అంటే శిస్తు లెక్కల ఏడాది. 2025 జులై 1న మొదలైంది 1435 ఫసలీ. జనం నోట్లో ఇంకోటి ఉంది. మా ఊళ్లో కొబ్బరి చెట్టు వయసు ఎవరూ ఏళ్లలో చెప్పరు. "86 వరదకి ముందు వేసింది", "96 తుఫానుకి మొవ్వు విరిగి మళ్లీ లేచింది" అంటారు.

ఒక్క డెల్టాలో, ఒక్క ఇంట్లో ఇన్ని లెక్కలు నడుస్తున్నాయి. మూడు లోకాల్లో ఉన్న జాతికి ఒక్కటే చాలదు. పాఠకుడు నమ్మనిది అక్కడే.

అయితే ఇన్ని లెక్కలు ఉన్నప్పుడు వాటిని కలిపే దారం ఒకటి కావాలి. పంచాంగం చేసేవాడు మొట్టమొదట నేర్చుకునేది అదే. దాన్ని అహర్గణం అంటాం. నెలలు, ఏళ్లు ఏమీ లేకుండా ఒక మొదటి రోజు నుంచి గడిచిన రోజుల మొత్తం. మాకు మొదటి రోజు కలియుగారంభం, క్రీ.పూ. 3102 ఫిబ్రవరి 18, శుక్రవారం. అక్కడి నుంచి 2000 జనవరి 1 తెల్లవారుజాముకి, అంటే ఆ రోజు మొదలయ్యే అర్ధరాత్రికి గడిచినవి 18,63,079 రోజులు. దీన్ని 7తో భాగించండి, శేషం 1. శుక్రవారం నుంచి ఒకటి ముందుకెళ్తే శనివారం. 2000 జనవరి 1 శనివారమే. పదిహేడేళ్ల వయసులో మా తాతగారు ఇలాంటి లెక్క నా చేత పలక మీద చేయించినప్పుడు నాకు కలిగిన ఆనందం ఇప్పటికీ గుర్తుంది. అయిదు వేల ఏళ్లు దాటి వచ్చిన అంకె ఎదురుగా ఉన్న వారంతో సరిపోయింది. పాశ్చాత్య ఖగోళశాస్త్రజ్ఞులు వాడే జూలియన్ రోజు సంఖ్య కూడా ఇలాంటిదే, మొదలు మాత్రం క్రీ.పూ. 4713.

కాబట్టి ముందుగా మీ జాతికి ఒక అహర్గణం పెట్టండి. మొదటి రోజు ఏది అన్నది మీ కథలో పెద్ద నిర్ణయం. రాజు పట్టాభిషేకం, మొదటి ఓడ ఎగిరిన రోజు లాంటివి అందరికీ తోచేవే. నేనైతే వాళ్ల 86 వరద ఏదో వెతుకుతాను. అందరి ఇళ్లూ మునిగిన రోజు, ఎవరూ మర్చిపోలేని రోజు.

ఇప్పుడు మీ మొదటి గ్రహం. మీరిచ్చిన అంకెలు చాలా బాగున్నాయి, వాటిని 400కి నలిపేశారు, అదే నాకు బాధ కలిగించింది. 31.4 రోజుల నెలలు పదమూడు కలిపితే 408.2 రోజులు. ఏడాది 412.37. ఏటా 4.17 రోజులు మిగులుతాయి. ఆ మిగులు పేరుకుని ఏడున్నరేళ్లకి ఒక నెలంత అవుతుంది. అప్పుడు ఒక అధిక మాసం వేయాలి. పదిహేనేళ్లకి రెండు. సరిచూద్దాం. 15 ఏళ్లకు 6,185.55 రోజులు. 13 చొప్పున 195, రెండు అధికాలు కలిపి 197 నెలలకు 6,185.8 రోజులు. తేడా పావు రోజు. నాలుగు పదిహేనులు, అంటే అరవై ఏళ్లకి తేడా సరిగ్గా ఒక రోజు. మీకు తెలియకుండానే మీ గ్రహానికి అరవై ఏళ్ల చక్రం కుదిరింది. మనకి ప్రభవ నుంచి అక్షయ దాకా ఉన్నట్టే వాళ్లకీ అరవై పేర్లు ఉండొచ్చు. అరవయ్యో ఏడు చివర ఒక రోజు తీసేస్తారు. ఆ తీసేసిన రోజున పుట్టినవాడి సంగతి ఏమిటి? చూడండి, లెక్కలోంచే ఒక మనిషి లేచి నిలబడ్డాడు.

మనకి ఈ లెక్క కొంచెం వేరు. పన్నెండు చాంద్రమాసాలకి 354 రోజుల పైచిలుకు, సౌర సంవత్సరానికి పదకొండు రోజులు తక్కువ. అందుకే దాదాపు 32న్నర నెలలకోసారి అధికం వస్తుంది. 2023లో అధిక శ్రావణం వచ్చింది. ఆ నెలంతా మా వైపు కల్యాణ మండపాలు ఖాళీ, పూల కొట్లు ఖాళీ. వరలక్ష్మీ వ్రతం నిజ శ్రావణానికి జరిగింది. సూర్యుడు రాశి మారని చాంద్రమాసం అధికం, రెండుసార్లు మారితే క్షయం. క్షయమాసం నేను చూసింది ఒక్కసారే, 1982-83లో. ఆ ఏడు మా తాతగారు వీధి అరుగు మీద ఎంతమందికి విడమరిచి చెప్పారో లెక్కలేదు. నెల మాయమైందంటే జనం ఊరుకోరు. మీ నవలలో కూడా ఊరుకోకూడదు.

ఇంకో సాంకేతికమైన మాట. 412.37 అని దశాంశాల్లో మీ పాత్రల చేత చెప్పించకండి. ఇన్ని ఏళ్లకి ఇన్ని రోజులు అని పూర్ణాంకాల్లో చెప్పించండి. మన పాత ఖగోళ గ్రంథం సూర్యసిద్ధాంతం అలాగే చెబుతుంది: 43,20,000 ఏళ్లకి 157,79,17,828 రోజులు, అందులో 5,34,33,336 చాంద్రమాసాలు. భాగించి చూస్తే నెల 29.5306 రోజులు వస్తుంది, నేటి కొలతకి అంత దగ్గర. అంకె అంత పెద్దది కావడం గొప్ప కోసం కాదు. భిన్నం మిగలకుండా ఉండడానికి కావలసినంత పొడుగు తీసుకున్నారు, అంతే.

కాని అదే సిద్ధాంతంలో ఏడాది 365.2588 రోజులు అవుతుంది. ఋతువులు తిరిగే ఏడాది 365.2422. తేడా దాదాపు 24 నిమిషాలు, అంటే ఒక ఘడియ. ఏడాదికి ఒక ఘడియ అంటే ఏముందిలే అనిపిస్తుంది. రోజుకి ఘడియలు అరవై. అరవై ఏళ్లకి ఒక రోజు జారిపోతుంది. వివేకానందుడు పుట్టిన 1863 జనవరి 12 మకర సంక్రాంతి రోజు. ఇప్పుడు సంక్రాంతి 14నో 15నో వస్తోంది. జగ్గన్నతోటలో ప్రభల తీర్థం కనుమ నాడే జరుగుతుంది, ఆచారం మారలేదు, దాని కింద ఎండ మాత్రం నెమ్మదిగా కదిలింది. పాత గణితం, ఆకాశంలో కనిపించేదానితో సరిపోయే దృక్ గణితం అని మాలో మాకు ఉన్న వాదం కూడా లెక్కకీ ఆకాశానికీ మధ్య జారుడు గురించే. 1952లో భౌతిక శాస్త్రవేత్త మేఘనాద్ సాహా అధ్యక్షతన వేసిన కేలెండరు సంస్కరణ సంఘం ఋతువుల జారుడుని సరిదిద్దాలనే చూసింది, 1957 మార్చి 22 నుంచి శక సంవత్సరంతో జాతీయ కేలెండరు వచ్చింది. ప్రభుత్వ గెజిట్ మీద ఆ తేదీ ఉంటుంది. మా ఊళ్లో దాన్నిబట్టి పెళ్లి పెట్టుకున్నవాళ్లని నేను చూడలేదు. మీ జాతికి వెయ్యేళ్ల చరిత్ర ఉందన్నారు, అలాంటప్పుడు వాళ్ల పండగల్లో కనీసం ఒక్కటైనా దాని ఋతువు నుంచి జారిపోయి ఉండాలి. కోతల పండగ నాట్ల రోజుల్లో చేసుకుంటూ ఉండాలి, ఎందుకో చాలామందికి తెలియకుండా.

పేర్ల సంగతి. చైత్రం అంటే పున్నమి చంద్రుడు చిత్త దగ్గర ఉండే నెల, వైశాఖం అంటే విశాఖ దగ్గర. వేరే చుక్క చుట్టూ తిరిగేవాళ్లకి ఆ పున్నమి అక్కడ పడదు. థామస్ గాంగేల్ అనే ఆయన 1985లో అంగారకుడికి డేరియన్ కేలెండరు తయారుచేసినప్పుడు 24 నెలలు పెట్టి, సగానికి రాశుల లాటిన్ పేర్లు, సగానికి మన ధనుస్సు, మకరం, కుంభం లాంటి సంస్కృత పేర్లు వాడాడు. ఆ పేర్లు చూసి సంతోషించాను. కానీ అది భూమి మీద కూర్చుని కట్టిన కేలెండరు, అందుకే సరిపోయింది. మీవాళ్లు అక్కడే పుట్టి పెరిగినవాళ్లు. వాళ్ల నెల పేరు వాళ్ల పనిలోంచి రావాలి. మా వైపు ముసలమ్మలు వేసవిలో "కాలవ కట్టేసిన నెలలో పుట్టాడు" అంటారు. ధవళేశ్వరం నుంచి నీళ్లు ఆపి కాలవల్లో పూడిక తీసే రోజులవి. 1852లో ఆనకట్ట పూర్తయ్యాకే ఆ నెల పుట్టింది, ఏ పంచాంగంలోనూ లేదు. అలాంటి పేర్లు మూడు పెట్టండి చాలు, మిగతా పది పాఠకుడు నమ్ముతాడు.

రెండో గ్రహం కష్టమైనదని మీరన్నారు. నిజానికి నాకు అదే ఎక్కువ నచ్చింది. వెలుగు వైపు ఉన్నవాళ్లకి ఆకాశంలో ఏదీ కదలదు. చీకటి వైపు ఉన్నవాళ్లకి మాత్రం చుక్కలు కదులుతాయి, గ్రహం ఒక ప్రదక్షిణ చేసేసరికి ఒక చుట్టు తిరుగుతాయి. అంటే వాళ్లకి ఏడాది తెలుస్తుంది, వెలుగు వైపు వాళ్లకి తెలియదు. ఇలాంటి గ్రహాలు ఎర్రటి చిన్న చుక్కలకి బాగా దగ్గరగా తిరుగుతాయి కాబట్టి ఆ ఏడాది చాలా చిన్నది. మనకి అతి దగ్గరి చుక్క ప్రాక్సిమా చుట్టూ తిరిగే గ్రహానికి ఏడాది అంటే మన 11 రోజులు. అక్కడ "ఏడాది" మనకి సంత వంటిదవుతుంది.

మరి వెలుగు వైపు వాళ్లు ఏం లెక్కపెడతారు? వంతులు. దాళ్వాకి, అంటే రెండో పంటకి, గోదాట్లో నీళ్లు తక్కువైతే కాలవలకి వంతులవారీగా వదులుతారు. ఆ రోజుల్లో శివారు భూముల రైతులకి వేరే కేలెండరు ఉండదు. "మొదటి వంతుకి దమ్ము చేశాం, రెండో వంతుకి ఊడ్చాం" అంటారు. రాత్రి రెండింటికి తూము తీస్తే టార్చిలైటు పట్టుకుని గట్టు మీద కాపలా. పొద్దు ఎక్కడుందో వాళ్లకి పట్టదు, నీళ్లు మా బోదెలోకి ఎక్కాయా లేదా అన్నదే. పొద్దే లేని లోకంలో నిద్ర వంతు, నీటి వంతు, కాపలా వంతు ఇలాగే రోజుగా మారతాయి.

వారం అన్న మాటకి సంస్కృతంలో అర్థం వంతే. పంచాంగంలో అయిదు అంగాలు: తిథి, వారం, నక్షత్రం, యోగం, కరణం. నాలుగింటికి సూర్యుడో చంద్రుడో ఎక్కడున్నారో తెలియాలి. వారానికి అక్కర్లేదు. నిన్న ఏ వారమో తెలిస్తే చాలు, ఇవాళ్టిది తెలుస్తుంది. ఆకాశం మూసుకుపోయినా వారం చెడదు. 2023 ఆగస్టు 23న చంద్రయాన్-3 దిగినచోట ఒక పగలు మన పద్నాలుగు రోజులు, అయినా ఇక్కడ మీటల ముందు కూర్చున్నవాళ్లకి అది బుధవారమే. అందుకని మీ మూడు చోట్లనీ కలిపేది ఏడాది కాకూడదు, నెల కాకూడదు. వాళ్ల వారాన్ని పెట్టండి, ఏడు రోజులదే కానక్కర్లేదు. ఓడ ఎక్కగలిగిన అంగం అదొక్కటే. అయితే ఓడలో గడియారం వేరుగా నడుస్తుంది గనక ఓడ వారం ఇంటి వారంతో కలవదు, దిగాక ఏ వారం పట్టుకోవాలో వాళ్లు ఒక కట్టుబాటు పెట్టుకుని ఉండాలి.

ఇక ఓడలు. గడియారం వేరుగా నడవడం కల్పన కాదు. జీపీఎస్ ఉపగ్రహాల్లో గడియారాలు భూమి మీది వాటికన్నా రోజుకి దాదాపు 38 మైక్రోసెకన్లు ముందుకి పోతాయి, దాన్ని సరిచేయకపోతే మన ఫోన్లో దారి తప్పుతుంది. మీ ఓడలో మాత్రం ఆ వేగానికి గడియారం వెనకబడుతుంది, ఇంటి దగ్గర పదేళ్లు గడిస్తే ఓడలో ఆరేళ్లు.

ఇక్కడ నా సొంత అనుభవం ఒకటి చెప్పాలి. ఒకసారి చలికాలంలో తెల్లవారుజామున డల్లాస్ నుంచి ఫోను. మా ఊరి కుర్రాడే. "మావయ్యగారూ, నాన్న తద్దినం ఇక్కడ ఇవాళ పెట్టాలా, రేపా?" అన్నాడు. గొంతు వణుకుతోంది. తిథి పూర్తయ్యే క్షణం లోకమంతటికీ ఒకటే, అది చంద్రుడికీ సూర్యుడికీ మధ్య దూరం, పన్నెండు డిగ్రీలకి ఒక తిథి. కానీ మాకు ఉదయం 9 గంటలైతే వాళ్లకి ముందు రోజు రాత్రి తొమ్మిదిన్నర. మనకి ఇవాళ పొద్దున్న వెళ్లిపోయే తిథి వాళ్లకి నిన్నటి పగలంతా ఉంది. "నువ్వున్నచోట అపరాహ్ణానికి, అంటే మధ్యాహ్నం దాటిన వేళకి, ఏ తిథి ఉందో ఆ రోజు పెట్టు నాయనా" అన్నాను. పదకొండున్నర గంటల తేడాకే ఆ పిల్లాడు అంత తల్లడిల్లాడు.

మీ ఓడలో ఒక కొడుకుని కూర్చోబెట్టండి. ఓడ బయల్దేరిన ఏడాదికి ఇంటి దగ్గర తండ్రి పోయాడు. కబురు కాంతి వేగంతో వెంటపడుతుంది. ఓడ ముందు పరిగెడుతోంది కాబట్టి కబురు అందుకునేసరికి ఇంటి లెక్కలో బయల్దేరి అయిదేళ్లు. ఓడ గడియారంలో మూడేళ్లు. ఇంటి దగ్గర చెల్లెలు సరిగ్గా ఆ రోజు నాలుగో ఏడు తద్దినం పెడుతోంది. ఓడలో గణితం చేసేవాడు కబురు వచ్చిన దూరాన్ని తీసేసి వెనక్కి లెక్కకడితే తండ్రి పోయింది ఓడ లెక్కలో ఏడాదీ మూడింట రెండు వంతుల దగ్గర. అంటే ఏడాదీ మూడో వంతు కిందట. నాలుగేళ్లు అన్న చెల్లెలు తప్పు కాదు, ఏడాది పైచిలుకు అన్న ఓడ గణకుడూ తప్పు కాదు. ఇద్దరి లెక్కా సరైనదే. మీరు కట్టిన 400 రోజుల కేలెండరు ఈ చోట నోరు మూసుకుంటుంది.

మన ధర్మశాస్త్రం ఇలాంటి దూరాన్ని ఎప్పుడో ఆలోచించింది. దూరదేశంలో ఉన్న కొడుకు తల్లిదండ్రుల మరణవార్త ఎన్నాళ్లకి విన్నా, ఏడాది దాటిపోయినా, విన్న రోజు నుంచి పది రోజులు పట్టాలి. కాలినడకన కబురు వచ్చే రోజుల్లో పెట్టుకున్న నియమం అది. మీ కొడుకు పాత్రకి కూడా అదే దారి అని నాకనిపిస్తుంది. అతని ఎదురుగా తెర మీద ఇంటి అహర్గణం ఒకటి, ఓడ అహర్గణం ఒకటి పక్కపక్కన వెలుగుతుంటాయి. రెండిట్లో దేన్నీ అతను చూడడు. కబురు చదివిన వంతుని మొదటి రోజు అనుకుని, నిద్ర లేచినప్పుడల్లా గోడ మీద ఒక గీత గీస్తాడు. పదో గీత గీసిన రోజు ఓడలో ఏ వారమో రాయండి. ఆ వారం పేరు మీరు పెట్టాక నాకు చెప్పండి, మిగతా లెక్కంతా దాని నుంచి వెనక్కి కట్టి పంపుతాను.